రవలోక ఖండం: తరచుగా అడిగే ప్రశ్నలు

రవలోక ఖండం శబ్దాలు చేరుకునే ఒక కాల్పనిక లోకాన్ని వర్ణించే ఎనిమిది ఆవర్తాల, అంటే అధ్యాయాల, గ్రంథం. ద్విపదలోను, వచనంలోను సాగే ఈ గ్రంథాన్ని శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల నదులను, వాద్యాలను, తీరాన్ని మనసులో పెట్టుకుని రాశాము. చదివినవారు పదేపదే అడిగే ప్రశ్నలకు, చదవకముందే కోపగించుకున్నవారు అడిగే కొన్నింటికి కూడా ఇక్కడ సమాధానాలు ఇస్తున్నాము.

ఇది నిజమైన పురాణమేనా? దీని తాళపత్రాలు ఎక్కడ దొరికాయి?

ఎక్కడా దొరకలేదు. ఇది పురాణం కాదు, పురాణ రూపంలో రాసిన కల్పన. దీనికి తాళపత్ర ప్రతి గాని, శాసనాధారం గాని లేవు. ఈ మాటను గ్రంథం మొదటి పుటలోనే చెప్పాము. మన దేశంలో అనేక క్షేత్రమాహాత్మ్యాలు తమను తాము స్కాందపురాణంలోని ఖండాలుగా చెప్పుకుంటాయి. ఆ సంప్రదాయం మీది ఇష్టంతోనే 'ఖండం' అనే పేరును తీసుకున్నాము గాని, ఆ పేరు వెంట వచ్చే ప్రామాణ్యాన్ని తీసుకోలేదు. శ్రీకూర్మం స్తంభాల మీద శతాబ్దాల నాటి శాసనాలు ఉన్నాయి. శ్రీముఖలింగం ఒకప్పుడు తూర్పు గాంగుల కళింగనగరమని చరిత్రకారులు చెబుతారు. వంశధార ఒడ్డున శాలిహుండంలో బౌద్ధ స్తూపాల అవశేషాలు నేటికీ కనిపిస్తాయి. ఇంత చరిత్ర గల నేల మీద నిలబడి, నిన్న మొన్న రాసిన దానికి లేని ప్రాచీనతను అంటగట్టడం ఆ చరిత్రకే అన్యాయమని మా అభిప్రాయం.

కల్పితమని ఒప్పుకుంటూనే దీన్ని పవిత్ర గ్రంథమని ఎలా అంటారు?

రవలోకంలో నివసించేవారికి ఇది పవిత్రం, మనకు కథ. సృష్టి, లోకవర్ణన, ధర్మం, ఫలశ్రుతి మొదలైన అంగాలతో నడిచే రచనకు ఒక ప్రత్యేకమైన గాంభీర్యం ఉంటుంది. అది నవలకు గాని, వ్యాసానికి గాని రాదు. ఆ గాంభీర్యం అవసరమై ఈ రూపాన్ని ఎంచుకున్నాము. నమ్మమని ఎవరినీ అడగడం లేదు.

రవలోకం అంటే ఏమిటి? అది ఎక్కడ ఉంది?

ఇక్కడ పుట్టి, ఎవరూ పూర్తిగా వినకుండా మిగిలిపోయిన శబ్దాలు చేరుకునే లోకమే రవలోకం. ఈ నిర్వచనంలో 'వినకుండా' అన్నదే ముఖ్యం. చాలామంది దీన్ని సమస్త శబ్దాలూ నిక్షిప్తమై ఉండే భాండాగారంగా ఊహించుకుని చదవడం మొదలుపెట్టి, మూడో ఆవర్తానికి వచ్చేసరికి తికమకపడుతున్నారు. గ్రంథం ప్రకారం, మనసు పెట్టి విన్న శబ్దం రవలోకానికి పోదు. అది విన్నవారిలోనే ఉండిపోతుంది. చెవిన పడినా మనసుకు పట్టనివి, సగం విని వదిలేసినవి, వినేవారు లేక గాలిలో కలిసినవి మాత్రమే అక్కడికి వెళతాయి.

ఆ లోకం పైన గాని కింద గాని లేదు. దాని వాకిలి మొగ, అంటే నది సముద్రంలో కలిసే చోటు. నాగావళి కల్లేపల్లి దగ్గర, వంశధార కళింగపట్నం దగ్గర, చంపావతి కోనాడ దగ్గర సముద్రంలో కలుస్తాయి. ఈ మొగలలో నిలబడి చూసినవారికి తెలుసు, అక్కడ నది చప్పుడు ఎక్కడ ఆగి సముద్రపు హోరు ఎక్కడ మొదలవుతుందో గీత గీసి చూపించడం ఎవరి వల్లా కాదు. పైగా మొగ ఒకచోట నిలవదు. ఇసుక మేటలు వేసినప్పుడు పక్కకు జరుగుతుంది, కొన్ని వేసవుల్లో మూసుకుపోతుంది, వరద వచ్చి మళ్లీ తెరుస్తుంది. రవలోకపు వాకిలికి స్థిరమైన చిరునామా ఇవ్వకూడదని అనుకున్న మాకు ఇంతకంటే తగిన చోటు తోచలేదు.

లోకం లోపలి వర్ణనంతా రెండో ఆవర్తంలో ఉంది. వచ్చిన శబ్దాలు ముందు ఇసుక మేట మీద వేచి ఉంటాయి. ప్రతి శబ్దానికీ ఒక ఆలకుడు ఎదురు వస్తాడు. ఆలకుడి పని ఒక్కటే, తన వంతుకు వచ్చిన శబ్దాన్ని మొదటి నుంచి చివరి వరకు ఒకసారి పూర్తిగా వినడం. విన్న తరువాత ఆ శబ్దం ఆలకుడి దేహంలో భాగమవుతుంది. అందువల్ల ఆలకుల రూపాలు ఒకే విధంగా ఉండవు. ఎడ్ల మెడలోని గంటల మోతను విన్నవాడు ఒక తీరుగా, ప్రసవవేదన పడే తల్లి మూలుగును విన్నవాడు మరో తీరుగా ఉంటారు.

సృష్టి ఎలా జరిగిందని ఈ గ్రంథం చెబుతుంది?

ఆదిలో నిశ్శబ్దం ఉండేదని ఈ గ్రంథం చెప్పదు. ఆదిలో మ్రోత ఉండేది, వినేవారు లేరు. అంతులేని ఆ మ్రోతలో ఒకచోట వినికిడి పుట్టింది. పుట్టిన ఆ వినికిడే ఆలకమ్మ. ఆమె ఒక వైపు చెవి ఒగ్గగానే మ్రోతలో కొంత భాగం విడివడి స్వరమైంది, మరో వైపు ఒగ్గగానే ఇంకొంత భాగం మాట అయింది. ఆమె వినకుండా మిగిలిపోయినదే నేటికీ సముద్రంలో వినిపించే హోరు. మొదటి ఆవర్తం చిన్నది, వేగంగా సాగిపోతుంది. సృష్టికథ మీద ఎక్కువ పుటలు ఖర్చు చేయాలని మాకు అనిపించలేదు.

నాదమే బ్రహ్మమనే నాదబ్రహ్మ సిద్ధాంతాన్ని కొత్త మాటల్లో చెప్పడమే కదా ఇది?

కాదు, దిశ వేరు. వాక్కుకు నాలుగు పాదాలున్నాయని, వాటిలో మూడు గుహలో దాగి ఉన్నాయని, మనుషులు మాట్లాడేది నాలుగో దానినేనని ఋగ్వేదం మొదటి మండలంలోని 164వ సూక్తం చెబుతుంది. పరా, పశ్యంతి, మధ్యమ, వైఖరి అనే విభాగం తరువాతి శాస్త్రకారుల చేతుల్లో విస్తరించింది. 13వ శతాబ్దానికి చెందిన శార్ఙ్గదేవుడు సంగీతరత్నాకరంలో నాదాన్ని ఆహతమని (తాకిడి వల్ల పుట్టేది), అనాహతమని (తాకిడి లేకుండా ఉండేది) రెండుగా విభజించి, దేహంలో ప్రాణాగ్నుల సంయోగం వల్ల నాదం పుడుతుందని వివరించాడు. ఈ ఆలోచనలన్నీ శబ్దం ఎక్కడి నుంచి పుట్టి నోటి దాకా ఎలా వస్తుందో చెబుతాయి. అంటే వైఖరి, నోటితో పలికే మాట, ఆ ప్రయాణానికి చివరి మజిలీ. రవలోక ఖండం ఆ మజిలీ దగ్గర మొదలవుతుంది. నోటి నుంచో, తీగ నుంచో, చర్మం నుంచో బయటపడిన తరువాత శబ్దం ఏమవుతుంది, అది ఎవరి బాధ్యత అన్నదే దీని విషయం. ఆ శాస్త్రాలను తప్పుపట్టే ఉద్దేశం గాని, వాటికి కొనసాగింపుగా చెప్పుకునే సాహసం గాని మాకు లేవు.

'వినికిడి ఋణం' అంటే ఏమిటి?

ఇదే గ్రంథానికి ప్రాణం. మూడో ఆవర్తంలోని ఈ ద్విపదలో దాన్ని క్లుప్తంగా చెప్పాము:

అన్నవా డామాట నప్పగించేసె
విన్నవాడే యప్పు వీడనివాడు

మాట్లాడినవాడు మాటను అప్పగించి చేతులు దులుపుకున్నాడు. ఆ క్షణం నుంచి మాట విన్నవాడిది, దాని అప్పు కూడా విన్నవాడిదే. మాటకు మాట్లాడినవాడే బాధ్యుడని మన లోకం నమ్ముతుంది. మన నీతిపద్యాలలో ఎక్కువ భాగం ఎలా మాట్లాడాలో నేర్పుతాయి, విన్న తరువాత ఏం చేయాలో చెప్పేవి తక్కువ. ఆ లోటు దగ్గరే మా కథ పుట్టింది.

ఋణం తీర్చుకునే మార్గాలు మూడు. మొదటిది బదులు: అడిగినదానికి జవాబు, పిలిచినదానికి పలుకు. రెండోది అందింపు: తనకు కాక మరొకరికి చెందవలసిన మాటను, తన పైత్యం కలపకుండా వారికి చేర్చడం. మూడోది ఇంకింపు: ఎవరికీ చేర్చకూడని మాటను తనలోనే ఇంకిపోనివ్వడం. ఈ మూడింటిలో ఏది ఎప్పుడు చేయాలో తెలుసుకోవడమే రవలోక ధర్మం. ఇంకింపు వేసవిలో నాగావళి ఇసుక కిందికి నీరు దిగినట్లు జరగాలని గ్రంథం అంటుంది. నది ఎండిపోయినట్లు కనిపిస్తుంది గాని, చెలమ తీస్తే నీరు ఉంటుంది. అంటే మరిచిపోవడం ఇంకింపు కాదు. మరిచిపోయిన మాట తిన్నగా మొగకు పోతుంది, దాన్ని వినవలసిన పని ఆలకుల మీద పడుతుంది.

అయితే తిట్లు విన్నవారు కూడా ఋణపడతారా? ఇది బాధితుల మీదే భారం వేయడం కాదా?

ఈ ప్రశ్న న్యాయమైనది. ఐదో ఆవర్తం మొత్తం దీని చుట్టే తిరుగుతుంది. అక్కడ ఒక అత్తవారింట ఏళ్ల తరబడి మాటలు పడిన కోడలు మొగ దగ్గరకు వచ్చి, తాను విన్నవన్నీ తన అప్పేనా అని ఆలకమ్మను నిలదీస్తుంది. ఆలకమ్మ ఎప్పటిలాగే బదులు చెప్పదు. ఒక ఆలకుడు లేచి, 'వద్దనే వీలు లేని వినికిడికి ఋణం లేదు' అని తీర్పు చెబుతాడు. లేచిపోవడానికి దారి లేనివారు, ఎదురు చెప్పడానికి బలం లేనివారు విన్న మాటలు వారివి కావు. వాటిని మొగ దాకా మోసుకువచ్చి దింపేయవచ్చు.

అదే ఆవర్తంలో చాడీ గురించి మాత్రం కఠినంగా రాశాము. చాడీ చెప్పినవాడికంటే, ఆసక్తిగా విని మరో ఇంటికి మోసినవాడికి ఎక్కువ శిక్ష పడుతుంది. రచ్చబండ దగ్గర కూర్చునే అలవాటు ఉన్నవారికి ఈ భాగం నచ్చదని మాకు తెలుసు.

లౌడ్ స్పీకర్లను, డీజేలను ఈ గ్రంథం నిషేధిస్తుందా?

గ్రంథం దేనినీ నిషేధించదు. నిషేధించే పని చట్టానిది. 2000 నాటి శబ్ద కాలుష్య నియంత్రణ నిబంధనల ప్రకారం రాత్రి 10 గంటల నుంచి ఉదయం 6 గంటల వరకు బహిరంగ స్థలాల్లో లౌడ్ స్పీకర్లు వాడకూడదు. ఉత్సవాల సందర్భంగా రాష్ట్ర ప్రభుత్వం ఏడాదికి 15 రోజులకు మించకుండా అర్ధరాత్రి వరకు సడలింపు ఇవ్వవచ్చు. నివాస ప్రాంతాల్లో ధ్వని పగలు 55, రాత్రి 45 డెసిబెల్స్ దాటకూడదు. ఈ పరిమితులు పండుగ పూట మన వీధుల్లో ఎంతవరకు అమలవుతున్నాయో పాఠకులకు చెప్పనక్కర్లేదు.

గ్రంథం చెప్పేది వేరే సంగతి. చెవులు మూసుకునే వీలు లేకుండా మోగే శబ్దాన్ని ఊరంతా భరిస్తుంది గాని, ఒక్కరూ వినరు. వినలేదు కాబట్టి అది యావత్తూ రవలోకానికే పోతుంది. పండుగ మర్నాడు మొగ దగ్గర ఇసుక మేట మీద కాలు పెట్టే చోటు ఉండదని, ఆలకులు విసుక్కుంటారని రెండో ఆవర్తంలో ఒక హాస్య ఘట్టం ఉంది. గ్రంథం మొత్తంలో హాస్యం దొరికేది అక్కడ ఒక్కచోటే.

ఆలకమ్మ మన గ్రామదేవతలలో ఒకరా? ఆమెకు గుడి ఉందా?

ఆమె పూర్తిగా కల్పిత దేవత. గుడి లేదు, ఉండకూడదని కోరుతున్నాము. పేరును మాత్రం ఈ ప్రాంతపు అమ్మవార్ల పేర్ల తీరులో పెట్టాము. విజయనగరంలో దసరా దాటిన తరువాతి మంగళవారం పైడితల్లి అమ్మవారి సిరిమాను ఊరేగడం, పాలకొండలో కోటదుర్గమ్మకు జనం మొక్కులు చెల్లించడం చూస్తూ పెరిగినవారికి, ఊరికి అండగా నిలిచే తల్లి అన్న భావన కొత్తగా నేర్పవలసింది కాదు. ఆలకమ్మ ఆ తల్లులకు పోటీ కాదు, చెల్లెలూ కాదు.

ఆమె రూపం గురించి కూడా తరచుగా అడుగుతున్నారు. గ్రంథంలో ఆమెకు నోరు లేదు. వరం ఇవ్వదు, శాపం ఇవ్వదు, ఒక్క మాటా పలకదు. నోరు లేని దేవతను ఊహించడం అశుభమని ఒకరిద్దరు పెద్దలు మందలించారు. వారి మాట మీద గౌరవం ఉన్నా మార్చలేదు. ఆమె ఒక్కసారి మాట్లాడినా, ఆ మాట విన్నవారంతా ఆమెకు ఋణపడిపోతారు. ఎవరినీ అప్పులపాలు చేయని దేవత కావడమే ఆమె ప్రత్యేకత. ఆమె పేరు చెప్పి ఎవరైనా చందాలు అడిగితే ఇవ్వవద్దని మనవి.

నాలుగో ఆవర్తంలో పనస చెట్టుకు అంత ప్రాధాన్యం ఎందుకు?

బొబ్బిలి వీణ వల్ల. బొబ్బిలి దగ్గరి గొల్లపల్లిలో తయారయ్యే ఈ వీణకు భౌగోళిక గుర్తింపు ఉంది. పనస దుంగను తొలిచి చేసే ఈ వీణల్లో కుండ, దండి, తల విడివిడిగా అతికించకుండా ఒకే మానులోంచి తీసేవాటిని ఏకాండి వీణలు అంటారు. దండి మీద మైనంలో 24 మెట్లను కూర్చుతారు. వాయించే తీగలు 4, తాళానికి పక్కన ఉండే తీగలు 3. మెట్టు వెంట్రుకవాసి పక్కకు జరిగినా స్వరం పలకదు. అందువల్ల మేళం కట్టే పని చేతితో ఎంత చేస్తారో చెవితోనూ అంత చేస్తారు.

ఈ ప్రపంచంలో పుట్టి ఆలకులుగా లెక్కకు వచ్చేవి చెట్లు మాత్రమేనని నాలుగో ఆవర్తం చెబుతుంది. పెరట్లో నిలబడిన పనస ఆ ఇంటి మాటలన్నీ దశాబ్దాల పాటు వింటుంది. బదులు చెప్పలేదు, ఎవరికీ చేర్చలేదు. మిగిలినది ఇంకింపు ఒక్కటే. అలా ఇంకించుకున్న మాటల అప్పును అది వీణ అయ్యాక తీర్చుకుంటుంది. కథానాయకుడైన వడ్రంగి ఒక మానును కొట్టబోయే ముందు దాని మొదట్లో చెవి ఆనించి, ఇది ఇంకా వింటున్నది, వినడం పూర్తి కాలేదు అని వెనక్కి తిరిగిపోయే ఘట్టం చాలామందికి నచ్చింది. ముదిరిన పనసనే వీణకు ఎంచుకోవడానికి అసలు కారణం చేవ. పచ్చిమాను ఆరేకొద్దీ వంకర తిరుగుతుంది, పగులుతుంది. ఆ కారణాన్ని కథ కాదనలేదు, దాని పక్కన మరో కారణాన్ని నిలబెట్టింది.

తప్పెటగుళ్లు, జముకు వంటి వాద్యాలకు చోటు ఉందా? విజయనగరం సంగీత విద్వాంసుల ప్రస్తావన ఎందుకు లేదు?

మొదటిదానికి సమాధానం, ఉంది. రొమ్ముకు తప్పెటను కట్టుకుని రెండు చేతులా వాయిస్తూ, ఎగురుతూ పాడే తప్పెటగుళ్ల కళాకారుడికి తన వాద్యపు మోత చెవికంటే ముందు గుండెకే తగులుతుంది. ఆ లక్షణం రవలోకానికి బాగా అతికింది. జముకు తీగను లాగి మీటుతూ కథ చెప్పే గాయకులు కూడా రెండో ఆవర్తంలో కనిపిస్తారు.

రెండో ప్రశ్న తరచుగా వస్తోంది. 1919లో విజయనగరంలో సంగీత కళాశాల ఏర్పడటం, హరికథకు పేరు తెచ్చిన ఆదిభట్ల నారాయణదాసు దానికి తొలి అధ్యక్షులు కావడం, వాయులీన విద్వాంసులు ద్వారం వెంకటస్వామినాయుడు అక్కడ బోధించి తరువాత అధ్యక్షత వహించడం, ఘంటసాల వంటివారు అక్కడ చదువుకోవడం మనందరికీ గర్వకారణం. అయితే అవి చరిత్ర. నిజమైన మహనీయులను కల్పిత లోకంలో ఆలకులుగా చూపిస్తే, వారు అనని మాటలు వారి నోట పెట్టక తప్పదు. పురాణ రూపంలో రాసినదాన్ని నాలుగు తరాల తరువాత ఎవరైనా నిజమని నమ్మితే ఆ తప్పు ఎవరిది? కాబట్టి గ్రంథంలో చారిత్రక వ్యక్తులు ఒక్కరూ లేరు.

రవలోక భావనను సవర గిరిజనుల నమ్మకాల నుంచి తీసుకున్నారా?

లేదు, తీసుకోకూడదని ముందే నిర్ణయించుకున్నాము. చనిపోయినవారు పూనకంలో ఉన్న పూజారి నోట మాట్లాడటం, బతికున్నవారు వారితో వాదించడం సవరల సంప్రదాయంలో ఉంది. అది ఒక సజీవ సమాజపు సొంత ఆస్తి. శ్రీముఖలింగం దగ్గరి పర్వతాలపేటలో పుట్టి, పర్లాకిమిడిలో పనిచేసిన గిడుగు వెంకట రామమూర్తి ఏళ్ల తరబడి సవరల మాటలు విని, నేర్చుకుని, వారి భాషకు వ్యాకరణాన్ని, నిఘంటువును సిద్ధం చేశారు. 1936లో మంగేయి గొమాంగో సవర భాషకు సొంత లిపిని రూపొందించారు. అంతటి శ్రమ చేయకుండా, పైపైన విన్నదాన్ని మన కథకు అలంకారంగా వాడుకోవడం మా గ్రంథపు ధర్మానికే విరుద్ధం.

చెవులు వినపడనివారికి రవలోకంలో చోటు లేదా?

ఆరో ఆవర్తం వారిదే. గ్రంథం మొత్తంలో బాగా కుదిరిన భాగం ఇదేనని మా నమ్మకం.

కళింగపట్నం వైపు తీరంలో చేపల వేటకు వెళ్లే ఒక బృందంలో పుట్టుచెవిటి యువకుడు ఉంటాడు. ఒక రాత్రి మబ్బు కమ్మి నక్షత్రాలు కనిపించవు, ఒడ్డున దీపాలు కనిపించవు. సముద్రం మీది నుంచి నేల వైపు గాలి బలంగా వీస్తుండటం వల్ల ఒడ్డు హోరు వారికి అందదు. గాలికి ఎదురుగా వచ్చే శబ్దం పైకి వంగిపోయి చెవికి దొరకదన్నది ఇక్కడ కథ కోసం చేసిన కల్పన కాదు, నిజంగా జరిగేదే. అందరూ చెవులు రిక్కించి ఏమీ వినలేక కూర్చున్న సమయంలో, ఆ యువకుడు తెప్ప చెక్క మీద అరచేయి ఆనించి, కింద అల నడక మారిందని గుర్తిస్తాడు. లోతు తగ్గేకొద్దీ అలలు దగ్గరదగ్గరగా వస్తాయి, ఎత్తు పెరుగుతాయి. ఆ మార్పును బట్టి మొగ ఏ వైపు ఉందో చేయెత్తి చూపిస్తాడు.

ఆలకులు అతన్ని ఆహ్వానించి, చెవులు ఇస్తామంటారు. అతను వద్దంటాడు. వికలాంగులను మహిమాన్వితులుగా చూపడం కూడా ఒక రకమైన చిన్నచూపేనని ఒక పాఠకురాలు రాశారు. ఆ అభ్యంతరం విలువైనది. అందుకే అతనికి గ్రంథం ఎలాంటి మహిమనూ ఇవ్వలేదు. అతను వేటగాడు, చెక్క మీద చేయి పెట్టడం అతని పనిలో భాగం. తెల్లవారాక చేపల వాటా దగ్గర మిగతావారితో గొడవ పడతాడు కూడా.

శబ్దం నశించదని సైన్స్ కూడా చెబుతోంది కదా?

చెప్పడం లేదు. శబ్దం ఒక కంపనం. 20 డిగ్రీల సెల్సియస్ దగ్గర అది గాలిలో సెకనుకు సుమారు 343 మీటర్లు, నీటిలో సుమారు 1,480 మీటర్లు, చెక్కలో పోగు వెంట అంతకంటే వేగంగా ప్రయాణిస్తుంది. వ్యాపించేకొద్దీ బలహీనపడి, చివరకు దాని శక్తి అతి స్వల్పమైన వేడిగా మారిపోతుంది. శక్తి మిగులుతుంది నిజమే గాని, ఆ వేడిలోంచి మాటను తిరిగి తీయలేము. ఎప్పుడో పలికిన మాటలు ఆకాశంలో చెక్కుచెదరకుండా తిరుగుతున్నాయన్న ప్రచారానికి ఆధారం లేదు.

సూర్యుడి నుంచి ఓంకారం వినిపిస్తోందంటూ ఫోన్లలో తిరిగే వీడియోలను కూడా, సూర్యదేవాలయం ఉన్న అరసవల్లి దగ్గరవారం కాబట్టి కాబోలు, కొందరు మాకు పంపుతున్నారు. సూర్యుడి ఉపరితలం కంపించే మాట వాస్తవం. ఆ కంపనాలలో ప్రధానమైనవాటికి ఒక్కో ఆవృత్తికి సుమారు 5 నిమిషాలు పడుతుంది. మనిషి చెవి సెకనుకు 20 కంపనాల కంటే తక్కువ ఉన్నదాన్ని శబ్దంగా గ్రహించలేదు, పైగా సూర్యుడికీ మనకూ మధ్య ఉన్న శూన్యంలో శబ్దం ప్రయాణించదు. ఆ కంపనాల వేగాన్ని కంప్యూటర్లో అనేక రెట్లు పెంచితే గాని మన చెవికి అందే ధ్వని రాదు. భక్తికి ఇలాంటి ఊతకర్రలు అవసరం లేదు. రవలోక ఖండాన్ని సైన్స్ నిరూపించిందని ఎవరైనా అంటే దయచేసి ఖండించండి.

చనిపోయినవారి గొంతు రవలోకంలో ఉంటుందా? దాన్ని వినే ఉపాయం గ్రంథంలో ఉందా?

మాకు వచ్చే ఉత్తరాలలో సగం ఈ ప్రశ్న గురించే. ఏడో ఆవర్తంలో తండ్రిని పోగొట్టుకున్న ఒక కొడుకు ఇదే కోరికతో మొగ దగ్గరకు వెళతాడు. మీ నాన్న మాటల్లో నువ్వు విన్నవి ఇక్కడికి రాలేదు, అవి నీ దగ్గరే ఉన్నాయి అని ఆలకులు చెబుతారు. మరి నేను వినకుండా వదిలేసినవి? అని అడుగుతాడు. అవి వచ్చాయి, మేము విన్నాము, ఇప్పుడు అవి మావి అంటారు. తిరిగి ఇవ్వమని అతను ఏడుస్తాడు, వారు ఇవ్వరు.

ఇది కఠినంగా ఉందని, చివర కాస్త ఊరట ఉంటే బాగుండేదని చాలామంది అభిప్రాయపడ్డారు. ఎవరూ వినని మాటను కనీసం ఒకరు విన్నారన్నదే మేము ఇవ్వగలిగిన ఊరట. అంతకు మించి ఇస్తే కథ మంత్రతంత్రాల వైపు జారిపోతుంది. పోయినవారి గొంతు ఫోనులో భద్రపరచుకున్నవారు దాన్ని మళ్లీ మళ్లీ వినడంలో తప్పేమైనా ఉందా అని కూడా అడుగుతున్నారు. ఏ తప్పూ లేదు. వినడాన్ని తప్పు అనే వాక్యం ఈ గ్రంథంలో ఎక్కడా కనిపించదు.

దీన్ని పారాయణ చేయవచ్చా? నియమాలు ఏమిటి?

చదువుకోవచ్చు. తిథి, వారం, మడి, కులం, స్త్రీ పురుష భేదం ఏవీ వర్తించవు. ఒక్క సూచన మాత్రం ఉంది. ఒకరు చదివి పదిమంది వింటున్నప్పుడు మైకు వాడకుండా ఉంటే మంచిది. మైకు లేకపోతే అంతమందికి వినిపించదంటారా, అంతమందిని కూర్చోబెట్టకండి.

ఫలశ్రుతి కోసం ఎదురుచూసేవారికి ముందే చెప్పడం మంచిది. మన పురాణాలలో, వ్రతకథలలో చివర చదివినవారికి, విన్నవారికి కలిగే ఐశ్వర్యం, సంతానం, పుణ్యలోకం వంటివి చెబుతారు. ఎనిమిదో ఆవర్తంలోని ఫలశ్రుతి చదివినవాడికి ఏమీ రాదంటుంది, విన్నవాడికి ఇంతసేపు విన్న కథే ఒక అప్పుగా మిగులుతుందంటుంది. దాన్ని మూడు మార్గాలలో ఏ విధంగా తీర్చుకోవాలో విన్నవారే తేల్చుకోవాలి.

ద్విపదను ఎందుకు ఎంచుకున్నారు?

పాడుకోవడానికి అనువుగా ఉంటుందని. పాదానికి మూడు ఇంద్రగణాలు, ఒక సూర్యగణం, మూడో గణం మొదటి అక్షరానికి యతి, రెండు పాదాలకూ ప్రాస, ఇంతే దాని లక్షణం. పాల్కురికి సోమనాథుడు బసవపురాణాన్ని ఈ ఛందస్సులోనే రాశాడు. సంస్కృత వృత్తాల జోలికి పోలేదు, ఆ శక్తి కూడా మాకు లేదు. వచన భాగాలలో ఈ జిల్లాల వాడుక మాటలు కొన్ని కనిపిస్తాయి. గోదావరి, కృష్ణా ప్రాంతాల పాఠకులు వాటిని అచ్చుతప్పులుగా భావించవద్దు.

నాటకంగా, హరికథగా, నృత్యరూపకంగా ప్రదర్శించవచ్చా? కథను మార్చుకోవచ్చా?

నిరభ్యంతరంగా ప్రదర్శించవచ్చు. రెండు షరతులు ఉన్నాయి. ప్రదర్శన మొదట్లోనే ఇది కల్పిత గ్రంథమని ప్రేక్షకులకు స్పష్టంగా చెప్పాలి, ఆహ్వానపత్రికలో 'ప్రాచీన' అనే విశేషణం వాడకూడదు. రెండోది, ఆలకమ్మ పాత్రకు ఎంత చిన్నదైనా సరే సంభాషణ రాయకూడదు. మిగతా కథను ఎలాగైనా మలచుకోండి, కొత్త ఆలకులను చేర్చుకోండి, మీ ఊరి నదిని, మీ ఊరి వాద్యాన్ని తీసుకురండి. ఏడో ఆవర్తపు ముగింపును సుఖాంతం చేసుకుంటామని అడిగిన ఒక నాటక బృందానికి కూడా అనుమతి ఇచ్చాము. మాకు నచ్చలేదు గాని, కథ వారు విన్నారు, ఇక అది వారిది.